చెవిగింజ

ఎదుటివాళ్ళు మాట్లాడుతుంటే వాళ్ళ ముఖంలోకి చూడటం హైమవతి మానేసి చాలా ఏళ్ళయింది. టీ కప్పు వంక చూస్తుంది, కిటికీ వంక చూస్తుంది, ఏమీ దొరక్కపోతే తన గోళ్ళ వంక చూసుకుంటుంది. పరిశోధనశాలలో కొత్తగా చేరినవాళ్ళు అది గర్వమనుకునేవాళ్ళు. 'పెళ్ళీ పెటాకులూ లేని ఆడదానికి ఇంత గర్వమేమిటి' అని కొందరు పైకే అని ఉండొచ్చు. అన్నా, ఆ మాట ఆమె చెవికి అందేసరికి అందులో ఏమీ మిగిలి ఉండదు.

గర్వం కాదు. ఆమె చెవుల్లో రెండు గింజలున్నాయి. పెసరగింజకన్నా కాస్త పెద్దవి. బయటి శబ్దాన్ని లోపలికి రానివ్వకుండా పట్టుకుని, అందులో ఆడవాళ్ళను తక్కువ చేసే మాటేదైనా ఉంటే తీసేసి, అవసరమైతే ఆ చోట మర్యాదైన మాట పెట్టి, మిగతాది అదే మనిషి గొంతుతో చెవిలో పలుకుతాయి. ఆ వడపోతకు రెప్పపాటు పడుతుంది. పెదవులు ముందు కదులుతాయి, మాట వెనక వస్తుంది. అలా చూస్తూ వింటే కళ్ళు తిరుగుతాయి. అందుకని చూడటం మానేసింది.

ఆ గింజల్ని తయారుచేసింది ఆమే. మొదట పెట్టుకున్నదీ ఆమే.

పరీక్షలు చూడటానికి ఒకసారి ఒక పెద్ద అధికారి వచ్చాడు. గింజలు పెట్టుకుని, తన డ్రైవర్ని పిలిచి నోటికొచ్చినట్టు మాట్లాడమన్నాడు. ఆ డ్రైవర్ మొహమాటపడుతూనే, "ఆడపిల్లలా ఆ ఏడుపేంట్రా, గాజులు తొడుక్కుని ఇంట్లో కూర్చో" అన్నాడు. అధికారి చెవిలో "ఆ ఏడుపేంట్రా, ఇంట్లో కూర్చో" అని మాత్రమే పలికింది. ఆయన విరగబడి నవ్వాడు. "మా ఇంట్లో అందరికీ కావాలి ఇవి" అన్నాడు. ఆ తర్వాత హైమ వైపు తిరిగి ఇంకేదో అన్నాడు. "మీ పని చాలా గొప్పదండీ" అని వినిపించింది ఆమెకు. ఆయన ఏమన్నాడో ఆమెకు తెలియదు. పక్కనున్న ఫణీంద్ర తల దించుకోవడం మాత్రం కంటికొసన కనిపించింది.

ఫణీంద్ర ఆమెతో మొదటినుంచీ పనిచేస్తున్న కుర్ర ఇంజనీరు. "ఏ మాట మార్చిందో మనకు తెలిసేలా చిన్న గంటేదైనా మోగిస్తే బావుంటుంది కదా మేడమ్?" అని ఒకసారి అడిగాడు.

"తెలిస్తే ఇక మార్చి ఏం లాభం? ఆ గంటే తిట్టు అవుతుంది" అంది హైమ.

"పోనీ, అసలు మాటని ఎక్కడైనా దాచిపెడితే?"

"వద్దు. ఇంకొకరి మాటలు దాచుకునే హక్కు మనకెక్కడిది?"

రెండూ న్యాయంగానే ఉన్నాయి. అప్పుడామెకు అలాగే అనిపించింది.

మొదటి ఏడాది ఆమె గాలిలో తేలినట్టు తిరిగింది. బస్సులో, బజారులో, సమావేశాల్లో ఎక్కడికి వెళ్ళినా మర్యాదే. తర్వాత మెల్లగా ఒక అనుమానం మొదలైంది. ఎవరైనా మెచ్చుకుంటే, నిజంగా మెచ్చుకున్నారా అని. "మీరు లేకపోతే ఈ పనే లేదు మేడమ్" అని ఫణీంద్ర అన్నరోజు, అన్నం తినబోతూ చాలాసేపు ఆ మాటే తలుచుకుంటూ కూర్చుంది. అన్నాడా? లేక గింజ అందా? మళ్ళీ అడగడానికి సిగ్గేసింది. చెడ్డమాట అంటూ వినకుండా బతికేసరికి, మంచిమాట మీద నమ్మకం పోయింది. తీసి చూసుకోవచ్చు. కానీ తీస్తే ఏం వినాల్సి వస్తుందో! ఆ భయంతోనే గింజలు చెవుల్లో ఉండిపోయాయి.

ఇక మిగిలింది చివరి పరీక్ష. అది బాగా జరిగితే హైమ సంతకం చేస్తుంది, గింజలు బడిపిల్లల దాకా వెళతాయి. ఆ పరీక్షకు ఆమె తన సొంత ఊరు నల్లమడపాలెం ఎంచుకుంది.

"అంత దూరం ఎందుకు మేడమ్? మీ ఊరనా?" అన్నాడు ఫణీంద్ర.

"మాది నేతవాళ్ళ వీధి. అక్కడ మాటలు గట్టివి" అంది.

అసలు కారణం అది కాదు. ఆ వీధిలో ఆమెకు రావలసిన మాట ఒకటి ఉంది.

* * *

హైమకు పదహారేళ్ళప్పుడు అన్నయ్య నాగలింగం సైకిల్ మీంచి పడి చెయ్యి విరగ్గొట్టుకున్నాడు. మగ్గం మీద చీర సగంలో కూడా లేదు, మొదలే. తండ్రి అప్పటికే లేడు. ఆ వీధిలో ఆడవాళ్ళు నూలు చుడతారు, నిలువు దారాలు పరిచి పడుగు పడతారు, నూలు చుట్టిన కండెలు అందిస్తారు. నేసేవాళ్ళు దిగి కూర్చునే మగ్గం గుంటలో మాత్రం కూర్చోరు. అలా కూర్చున్న ఇంటిని చూసి నవ్వేవాళ్ళు. తల్లి వీధి తలుపు మూసి, గొళ్ళెం పెట్టి, హైమను గుంటలోకి దింపింది. ఎవరైనా పిలిస్తే నాగలింగం కట్టుకట్టిన చెయ్యి కనపడకుండా కిటికీ దగ్గరికొచ్చి సమాధానం చెప్పేవాడు.

చిలకాకుపచ్చ చీర, మెరూన్ అంచు. దానికి నేత సంఘం వాళ్ళు బహుమతి ఇచ్చారు. నాగలింగం పేరు మీద. చీరను కూడా అతనికే తిరిగి ఇచ్చేశారు. తల్లి దాన్ని పెట్టెలో దాచింది. అందరూ "ఎంత బాగా నేశావు నాగలింగం" అంటుంటే అతను నవ్వి ఊరుకునేవాడు. సెలవులకు ఇంటికి వచ్చినప్పుడల్లా తలుపు చాటున నిలబడి హైమ ఎదురుచూసింది. 'మా చెల్లెలు నేసింది' అని ఒక్కసారి అంటాడేమోనని.

పట్నంలో పెద్దచదువులు చదువుతున్నప్పుడూ ఎదురుచూసింది. తల్లి పోయినప్పుడు వచ్చి, ఆ పెట్టె పక్కనే కూర్చుని కూడా ఎదురుచూసింది.

గింజలు మొదటిసారి పెట్టుకున్నవాళ్ళు తాము చేసే పనులేమిటో వాటికి చెప్పాలి. లేకపోతే ఆడవాళ్ళ పనిని మగవాళ్ళ పేరు మీదో, అసలు పేరే లేకుండానో చెప్పినప్పుడు ఆ పేరు సరిచేయడం వాటికి రాదు. హైమ తన గింజలకు మొట్టమొదట చెప్పింది ఆ చీర గురించే. 'ఆ చీర మొత్తం నేనే నేశాను' అని.

* * *

నల్లమడపాలెంలో హైమ ఇచ్చిన గింజలు పెట్టుకున్న వదిన భ్రమరాంబ, వాటికి తన పనులు చెప్పడం మొదలుపెట్టి, పొయ్యి మీద పాలు పొంగిపోయినా ఆపలేదు. "నూలు నానబెడతాను, గంజి పెడతాను, ఆరబెడతాను, కండెలు చుడతాను... ఇదంతా ఎందుకు హైమా దీనికి?"

"చెప్పు వదినా. అది వింటుంది."

"ఇన్నాళ్ళకు వినేవాళ్ళు దొరికారన్నమాట, పెసరగింజంత!" అని నవ్వి మళ్ళీ మొదలుపెట్టింది. "పడుగు పడతాను. అది రాయించుకో. పడుగు సరిగా లేకపోతే మీ అన్నయ్య మగ్గం మగ్గమే కాదు."

మరునాడు పొద్దున్నే మగ్గం గుంటలోంచి నాగలింగం అరిచాడు. హైమ చిన్నప్పటినుంచీ ఎరిగిన అరుపే అయ్యుండాలి అది, 'ఒసేయ్, కండె!' అని. కానీ ఇద్దరు ఆడవాళ్ళకూ "భ్రమరా, కండె అందివ్వు" అని వినిపించింది. భ్రమరాంబ ఎవరో వచ్చారనుకుని వెనక్కి తిరిగి చూసింది. పెళ్ళైన నాటినుంచీ ఆ ఇంట్లో ఆమెను పేరు పెట్టి పిలిచినవాళ్ళు లేరు. చేతిలో కండెల బుట్ట జారిపోయి, కండెలన్నీ నేలమీద దొర్లాయి.

"ఏమైంది?" అని అడిగాడు నాగలింగం.

"ఏం లేదు లెండి" అంది భ్రమరాంబ, కొంగు నోటికి అడ్డం పెట్టుకుని.

నాగలింగం గింజలు పెట్టుకోనన్నాడు. "నా మాట నా నోట్లోంచి బయటికి వచ్చాక ఎవరిష్టం వచ్చినట్టు వాళ్ళు మార్చుకుంటారా? కరివేపాకు ఏరినట్టు?" అన్నాడు. అలా అన్నాడని హైమకు వినిపించింది. అతని ముఖం వంక ఆమె చూడలేదు.

నాలుగు రోజులకు పట్నంలోని వస్త్రాల ప్రదర్శనశాల నుంచి మంజీర అనే అమ్మాయి వచ్చింది. పాత చీరలు సేకరిస్తోంది. భ్రమరాంబ పెట్టె తెరిచి చిలకాకుపచ్చ చీర తీసింది. నాఫ్తలీన్ వాసన ఇల్లంతా కమ్మింది. ఆ అమ్మాయి చీర అంచు వెంట వేళ్ళతో తడుముతూ పోయింది.

"ఎవరు నేశారండీ దీన్ని?"

మగ్గం చప్పుడు ఆగింది. హైమ చీరనే చూస్తోంది. అప్పుడు అన్నయ్య గొంతు, ఆ జీరతో సహా, చెవిలో పలికింది: "ఈ చీర మొత్తం మా చెల్లెలు హైమవతి నేసింది."

ఆమె అక్కడ నిలబడలేకపోయింది. పెరట్లోకి వెళ్ళి, రంగుల తొట్టి గోడను పట్టుకుని ఏడ్చింది. చిన్నపిల్లలా, ముక్కు చీదుకుంటూ ఏడ్చింది. పాతికేళ్ళు ఎదురుచూసిన మాట అది.

లోపల మంజీర, వీధిలో మిగతా ఇళ్ళు కూడా చూసుకుని సాయంత్రం వచ్చి చీర తీసుకుంటానని చెప్పి వెళ్ళింది. కాసేపటికి భ్రమరాంబ పెరట్లోకొచ్చింది. ఆమె కళ్ళూ తడిగానే ఉన్నాయి.

"విన్నావా హైమా?"

"విన్నాను వదినా."

"పరాయి మనిషి ముందు! నేనైతే కలలో కూడా అనుకోలేదు."

"నేనూ అనుకోలేదు."

"'మా భ్రమర పడుగు పట్టబట్టే ఈ చీర ఇలా వచ్చింది' అన్నారు చూడు, అక్కడే కూలబడిపోతాననుకున్నాను."

హైమ కళ్ళు తుడుచుకోవడం ఆపింది. "ఏమన్నాడు?"

భ్రమరాంబ మళ్ళీ చెప్పింది, ఒక్క అక్షరం పోకుండా.

"వదినా" అంది హైమ నెమ్మదిగా, "ఆ చీర నేసినప్పటికి నీకు పెళ్ళే కాలేదు."

భ్రమరాంబ వేళ్ళు మడిచి లెక్కపెట్టుకుంది. "నిజమే సుమా!"

ఒకే నోటినుంచి ఒకే మాట వచ్చింది. ఇద్దరు ఆడవాళ్ళు రెండు రకాలుగా విన్నారు. ఎవరు ఏది వినాలని ఆశపడ్డారో అదే. హైమ విన్నది అన్నయ్య మాట కాదు. ఎప్పుడో ఒంటరిగా గదిలో కూర్చుని తాను గింజకు చెప్పుకున్న మాటే, తిరిగి తన చెవిలోకే వచ్చింది. ఒక్క ఇవాళే కాదు. ఇన్నేళ్ళూ బస్సులో, బజారులో, సమావేశాల్లో ఎవరు మాట్లాడినా ఆమె తనతో తానే మాట్లాడుకుంటూ తిరిగింది.

హైమ గింజలు తీసింది. అరచేతిలో అవి వెచ్చగా ఉన్నాయి. గాలి చల్లగా, నేరుగా చెవుల్లోకి వచ్చింది. పక్కింట్లో ఎవరో ఆడపిల్లని తిడుతున్నారు, ఎక్కడా తెంపు లేకుండా. ఆ తిట్టు నిజంగానే తగిలింది.

భ్రమరాంబ కూడా తన గింజలు తీసి కొంగున ముడేసుకుంది. "చెవులకు మందు చేశావు గానీ హైమా, జబ్బు నోటిది కదే" అంది.

హైమకు నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి. దగ్గరితనంతో పలికిన ఆ 'కదే'ని విని ఎన్నాళ్ళయిందో! గింజ దాన్ని కూడా తిట్ల కింద లెక్కగట్టి ఇన్నేళ్ళూ ఏరిపారేసింది.

* * *

"అన్నయ్యా, ఆ అమ్మాయి అడిగితే ఏం చెప్పావు?"

నాగలింగం దారాల మధ్య అటూ ఇటూ పోతున్న నాడెను ఆపలేదు. "ఏం చెప్తాను? మా ఇంటి నేత అన్నాను."

"అంతేనా?"

"ఇంకేం కావాలి? ఆడపెత్తనం మొదలైందా ఇంట్లో?"

గింజ లేని చెవిలో ఆ మాట సూదిలా దిగింది. అయినా హైమ కదల్లేదు. తనకు ఏం వినిపించిందో, వదినకు ఏం వినిపించిందో చెప్పింది. వింటూ వింటూ నాగలింగం చెయ్యి ఆగిపోయింది.

"నా గొంతుతోనా?"

"నీ గొంతుతోనే."

"నన్ను అడక్కుండానా?" అతను నాడె పక్కన పెట్టాడు. "నేననని మాట నా నోట్లో పెట్టి, దానికి మీరిద్దరూ పెరట్లో కూర్చుని ఏడ్చారా? నేనిక్కడ రాయిలా కూర్చుని ఉంటే!"

హైమ తప్పుడు మాటలు తీసేయడం గురించే ఆలోచించింది గానీ, తీసేసిన ప్రతిసారీ ఎదుటిమనిషి కూడా కాస్త మాయమవుతున్నాడని ఆలోచించలేదు.

"నేనడగలేదు, తప్పే" అంది. "మరి నువ్వెందుకు అనలేదన్నయ్యా? నిజమే కదా అది? చీర మొత్తం నేనే నేశాను కదా?"

"మొత్తమా?" అన్నాడు నాగలింగం. ఇంకేదో అనబోయాడు. ఇంతలో గుమ్మంలో చెప్పులు విడిచిన చప్పుడైంది.

మంజీర లోపలికొచ్చింది. "ఏమీ అనుకోకండి బాబాయ్ గారూ, 'మా ఇంటి నేత' అని రాస్తే మా వాళ్ళు ఒప్పుకోరు. చీర పక్కన పేరు పెట్టాలి. మీ పేరే పెట్టేయమంటారా?"

హైమ గుప్పెట్లో గింజలు బిగుసుకున్నాయి. తిరిగి పెట్టేసుకుంటే చాలు, ఈ క్షణం దాటిపోతుంది. అన్నయ్య ఏమన్నా, ఆమె కోరుకున్నదే వినపడుతుంది. చెయ్యి చెవిదాకా వెళ్ళింది. మళ్ళీ కిందికి దించేసింది.

నాగలింగం గుంటలోంచి పైకి వచ్చాడు. మోకాళ్ళు పట్టేసినట్టున్నాయి, స్తంభం పట్టుకుని లేచాడు. చాపమీద చీర మడతలు విప్పుకుంటూ పోయాడు. కొంగు మొదలైన చోట వేలు పెట్టాడు.

"ఇదిగో, ఇక్కడిదాకా ఇది నేసింది. మా చెల్లెలు, హైమవతి." ఆమె వంక చూడకుండానే చెప్పాడు. "నాకప్పుడు చెయ్యి విరిగింది. తలుపులేసుకుని, ఉక్కలో, వేళ్ళు బొబ్బలెక్కినా నేసింది. ఇక్కణ్ణుంచి కొంగు నాది. కాలేజీలో సీటు వచ్చిందని మేష్టారు ఉన్నపళంగా తీసుకెళ్ళిపోయారు దీన్ని. కట్టు విప్పీ విప్పకముందే నేను కూర్చున్నాను. అందుకే చూడమ్మా, కొంగులో నేత వదులు."

హైమ వంగి వేళ్ళతో తడిమి చూసింది. నిజమే. అంచు దగ్గర బిగువుగా ఉన్న నేత కొంగులో కాస్త జారినట్టుంది. ఆ కొంగు నేసినట్టు తనకు గుర్తులేదని ఆమెకప్పుడు తెలిసింది. బస్సు కిటికీ గుర్తుంది. ఒళ్ళో రేకుపెట్టె గుర్తుంది. మగ్గం మీద వదిలేసి వెళ్ళిన ముక్కని ఆమె ఎప్పుడూ తలుచుకోలేదు. ఏళ్ళ తరబడి ఆ జ్ఞాపకాన్ని కూడా ఎవరో వడపోసి, తనకు నచ్చినట్టు తిరిగి చెబుతూ వచ్చినట్టుంది.

గింజ చెప్పినదానికన్నా చిన్నమాట ఇది. కానీ దీన్ని అనుమానించాల్సిన పనిలేదు.

"రాసుకోమ్మా" అన్నాడు నాగలింగం. "ముందు హైమవతి. తర్వాత నాగలింగం."

"పడుగు పట్టిందెవరో?" అంది భ్రమరాంబ వెనకనుంచి.

"మా అమ్మ."

"ఆమెకు పేరు లేదూ?"

నాగలింగం తడబడ్డాడు. తల్లి పేరు తలుచుకోవడానికి ఎంతో దూరం వెళ్ళి వచ్చినవాడిలా, "వీరమాంబ" అన్నాడు.

మంజీర మూడు పేర్లూ రాసుకుంది. చీరని మెత్తటి గుడ్డలో చుట్టి, చంటిబిడ్డని ఎత్తుకున్నట్టు ఎత్తుకుని వెళ్ళిపోయింది.

రేపు హైమ కూడా వెళ్ళిపోవాలి. సంతకం పెట్టదు. ఆ సంగతి ఫణీంద్రకు చెప్పాలి. చెప్పేటప్పుడు అతని ముఖంలోకి చూడాలి. ఇన్నేళ్ళలో అతను ఏ మాటలన్నాడో, తను ఏ మాటలు విన్నదో అడగాలి. వాటిలో ఎన్ని మిగులుతాయో తెలియదు. ఒక్కటీ మిగలకపోవచ్చు. బస్సులో, బజారులో, సమావేశాల్లో ఇక ప్రతి మాటా నేరుగా తగులుతుంది. తగిలినప్పుడల్లా అక్కడే ఆగి, 'అలా అనకండి' అని తన నోటితో తానే చెప్పాలి. గింజ తయారుచేయడం కన్నా అదే కష్టమనిపించింది.

నాగలింగం మళ్ళీ గుంటలోకి దిగాడు. నాడె చేతిలోకి తీసుకుని, అలవాటుగా తలెత్తకుండా, "ఒసేయ్" అన్నాడు.

భ్రమరాంబ కండెల బుట్ట పట్టుకుని అక్కడే నిలబడి ఉంది. కదల్లేదు. ఆమె చెవులు ఖాళీగా ఉన్నాయి.

మగ్గం ఆగింది. నాగలింగం తలెత్తి భార్యని చూశాడు, చెల్లెల్ని చూశాడు, మళ్ళీ నాడెనే చూశాడు. గొంతు సవరించుకుని, దానికే చెబుతున్నట్టు ఏదో గొణిగాడు.

"వినపడలేదు" అంది భ్రమరాంబ.

హైమ ఈసారి కిటికీ వంక చూడలేదు, గోళ్ళ వంకా చూడలేదు. అన్నయ్య ముఖంలోకే చూస్తూ నిలబడింది. పెదవులు కదిలాయి. వాటితోపాటే, రెప్పపాటు కూడా ఆలస్యం లేకుండా, మాట వచ్చింది.

"కండె ఇవ్వు, భ్రమరా."